నలభై ఎనిమిది చుట్లు ఎక్కువ

పోయిన నెల మా తమ్ముడు నాగూర్ నరసరావుపేటలోని తన మోటార్ వైండింగ్ షాపుకు కొత్త మిషను తెచ్చాడు. వచ్చి చూసిపొమ్మని రెండుసార్లు ఫోను చేస్తే ఆదివారం చూసుకొని వెళ్ళాను. కాలిపోయిన మోటార్లలోకి రాగితీగను కాయిల్‌గా చుట్టే మిషను అది. ఎన్ని చుట్లు కావాలో అంకె నొక్కితే గిర్రున తిరిగి, ఆ అంకె దగ్గర తనంతట తానే ఆగిపోతుంది. నాగూర్ అరవై అని నొక్కి, చేతులు కట్టుకొని, మిషను వంక కాకుండా నా ముఖం వంక చూస్తూ నిలబడ్డాడు. నేను పెదవి కదపకుండా లోపల లెక్కపెట్టుకుంటున్నానని వాడికి తెలుసు. అరవై దగ్గర ఆగింది. "సరిపోయిందా అక్కా?" అన్నాడు. సరిపోయిందన్నాను. "అయితే లెక్క చెప్పే మనిషితో ఇక పని లేదు. నీ ఉద్యోగం ఊడింది" అని నవ్వాడు.

ఆ ఉద్యోగం నేను చేసిన నాటికి నాకు పన్నెండేళ్ళు, వాడు ఇంకా పాకుతున్నాడు. కాబట్టి అప్పటి సంగతి వాడికి విన్న కథగానే తెలుసు, అదీ సగం తప్పుగా తెలుసు. అమ్మ ఒక్కచేత్తో షాపు నిలబెట్టిందనీ, మొదటి మోటారే అద్భుతంగా తిరిగిందనీ వచ్చినవాళ్ళందరికీ చెబుతుంటాడు. మొదటి మోటారు అద్భుతంగా తిరగలేదు. ఆ తప్పు నాది. నేను బడిలో లెక్కలు చెప్పే మనిషిని. పదిహేడో ఏట నుంచి ఒక్కరోజు విడవకుండా డైరీ రాస్తున్నాను. ఏ రోజు ఏం జరిగిందో తేదీతో సహా చెప్పగలను. ఈ సంగతి జరిగిన రోజులకు మాత్రం డైరీ లేదు. కనుక తేదీలు ఇవ్వను. అంకెలు ఇస్తాను. అవి మరిచిపోయే అంకెలు కావు.

మాది ఇంట్లో కూడా తెలుగే మాట్లాడుకునే సాయిబుల కుటుంబం. ముందు షాపు, వెనక రెండు గదులు, మధ్య ఒక పరదా. పరదాకు అవతల వార్నిష్ వాసన, ఇవతల నాయనమ్మ కాల్చే జొన్నరొట్టె వాసన. మధ్యాహ్నం గాలి మళ్ళితే రెండూ కలిసిపోయేవి. ఈ రోజుకూ ఎక్కడైనా వార్నిష్ వాసన తగిలితే నాకు ఆకలి వేస్తుంది. నాయనమ్మ తెల్లవారుజామున లేచి, నమాజు చేసుకొని, పెరట్లో చుట్ట ముట్టించి, అది ఆరిపోయేదాకా ఎవరితోనూ మాట్లాడేది కాదు. సాయంత్రం బియ్యం కొలిచేటప్పుడు మాత్రం ఆమె గొంతు ఇల్లంతా వినపడేది. మొదటి సోలను ఆమె ఎన్నడూ "ఒకటి" అనలేదు. "లాభం" అనేది, ఆ తర్వాత "రెండు, మూడు." కల్లాల్లో మిరపకాయలు, ధాన్యం కొలిచిన చేతులు ఆమెవి. మొదటి కొలతకు లాభం అని పేరు పెట్టకుండా చెయ్యి కదలదు ఆమెకు.

నాన్న పేరు మస్తాన్. రొంపిచెర్ల, నాదెండ్ల, ముప్పాళ్ళ దాకా రైతుల బోరు మోటార్లు ఆయన దగ్గరికి వచ్చేవి. ఆయనకు పనిలో ఒక పద్ధతి ఉండేది. కాయిల్ చుట్టే చక్రాన్ని చేత్తో తిప్పేవాళ్ళు లెక్కపెట్టకూడదు. లెక్క వేరొకరు పైకి చెప్పాలి. తిప్పే మనిషి చూపంతా తీగ మీద ఉండాలి. ఒక వరస మీద ఇంకో వరస ఎక్కకుండా, పక్కపక్కనే పడుకోబెట్టినట్టు తీగ నడవాలి. లెక్క చెప్పే మనిషి ప్రతి పదికీ ఒక చింతపిక్కను డబ్బా మూతలో వెయ్యాలి. మామూలు బోరు మోటారుకు ఆరు పిక్కలు పడితే ఒక కాయిల్. అలాంటివి పద్దెనిమిది కాయిళ్ళు. ఆరేసి కాయిళ్ళు కలిసి ఒక ఫేజు. ఆ మూడు ఫేజుల్ని నాన్న మూడు కాళ్ళు అనేవాడు. మూడు కాళ్ళూ సమంగా ఉంటేనే మోటారు నడుస్తుందనేవాడు. అమ్మ ఖాశింబీ ఇంటిపని అయ్యాక మోటారు లోపలి గాడుల్లో కాగితం దూర్చడం, కాయిళ్ళ చివర్లు నూలు టేపుతో కట్టడం చేసేది. చక్రం మాత్రం నాన్నే తిప్పేవాడు.

ఒకరోజు మోపెడ్ మీద మోటారు కట్టుకొని వస్తుండగా బండి పడిపోయింది. మోటారు ఆయన కుడిచెయ్యి మీద పడింది. గుంటూరు ఆసుపత్రిలో రెండు వేళ్ళు తీసేశారు. మిగిలిన మూడూ బిగుసుకుపోయాయి. ఇంటికి తెచ్చాక వెనక గదిలో గోడవైపు తిరిగి పడుకున్నాడు. ముప్ఫై తొమ్మిది రోజులు అలాగే పడుకున్నాడు. అన్నం తింటావా అంటే ఊ, నీళ్ళు కావాలా అంటే ఊహూ. అంతకు మించి మాట లేదు. నేను బడికి వెళ్ళేటప్పుడు ఆయన వీపుకు చెప్పి వెళ్ళేదాన్ని. వచ్చాక ఆ వీపు అక్కడే ఉండేది. నాయనమ్మ కొడుకు దగ్గర కూర్చొని కాలు పట్టేది. తల్లి చెయ్యి తగిలినా ఆయన ఇటు తిరగలేదు.

షాపులో అప్పటికి నాలుగు మోటార్లు ఉన్నాయి. రొంపిచెర్ల దగ్గర పల్లె నుంచి కోటయ్య అనే రైతు తెచ్చినది అన్నిటికంటే తొందరది. ఆయన మిరపతోట పూత మీద ఉంది, బోరు ఆగిపోయింది. ఆయన వచ్చి గడపలో నిలబడి పరదా వైపు చూసి, "ఏందయ్యా మస్తానూ, ఎట్లా ఉంది? నా మోటారు సంగతి ఏం చేస్తావో చెప్పు, సత్తెనపల్లి తీసకపోతా" అన్నాడు. అమ్మ పరదా జరిపి బయటికి వచ్చింది.

"నాలుగు రోజులు ఆగు అన్నా. నేను చుడతాను."

కోటయ్య ఆమెతో మాట్లాడలేదు. పరదా వైపే చూస్తూ, "మస్తానూ, మీ ఆవిడ చుడతానంటంది, ఏమంటావు?" అన్నాడు. పరదా కదలకపోతే తలగీరుకొని, "సరే కానీయండి. మిగతా మూడు మోటార్లూ మా ఊరోళ్ళయ్యే. నాది తిరిగితే వాళ్ళవీ ఇక్కడే ఉంటయ్. తిరక్కపోతే నాలుగూ ట్రాక్టరు ఎక్కిస్తా" అని వెళ్ళిపోయాడు.

ఆ నాలుగు మోటార్లు పోతే షాపు మూతపడుతుందని ఇంట్లో అందరికీ తెలుసు. అమ్మ ఆ సాయంత్రమే కాలిపోయిన తీగను పీకి శుభ్రం చేసింది. కొంగు నడుముకు దోపి, చక్రం ముందు పీట వేసుకొని, నన్ను ఎదురుగా కూర్చోబెట్టింది. పగలు నేను బడిలో ఉన్నప్పుడు నాయనమ్మ లెక్క చెప్పాలి, సాయంత్రం నేను చెప్పాలి. మొదటి రోజు సాయంత్రం మొదలుపెట్టేముందు నాయనమ్మ ఎట్లా లెక్కపెట్టాలో నాకు చూపించడానికి ఒక పది చెప్పింది. "లాభం, రెండు, మూడు." నేను అడిగాను.

"లాభం అంటే లాభం వస్తదా నాయనమ్మా?"

"వస్తదో రాదో. నోటికి మంచిది."

నాకు ఆ మాట చాలా నచ్చింది. నెలకు పైగా మాట లేని ఇల్లు మాది. ఎవరో ఒకరు మంచి మాట పైకి అనడం అవసరమని ఆ వయసులో నాకు గట్టిగా అనిపించింది. కాని బడిలో నేర్చుకున్న ఒకటిని వదులుకోవడానికి మనసు ఒప్పలేదు. ఒకటి లేకుండా రెండు ఎక్కడి నుంచి వస్తుందని నా వాదన. కాబట్టి రెండూ ఉంచాను. ప్రతి పది మొదట్లోనూ "లాభం" అని, ఆ తర్వాత "ఒకటి" అని, పది దాకా చెప్పి చింతపిక్క వేసేదాన్ని. అమ్మ చెయ్యి నా మాటకు ఒక చుట్టు చొప్పున తిరిగేది. ఆమె వినేది మాటను, అంకెను కాదు. ఆమె చూపు తీగ మీద ఉంది. నాన్న పద్ధతి అదే మరి. నాయనమ్మ ఆ వేళకు వెనక వంటలో ఉండేది.

మొదటి సాయంత్రం ఆరు, రెండో సాయంత్రం రెండు, మొత్తం ఎనిమిది కాయిళ్ళకు నేను చెప్పాను. మిగతా పదింటికీ నాయనమ్మ చెప్పింది. ఎనిమిది కాయిళ్ళు, ఒక్కోదానికి ఆరు లాభాలు. మోటారులో నలభై ఎనిమిది చుట్లు ఎక్కువ పడ్డాయి. పైగా వరసలో మొదట చుట్టినవి నావి కావడంతో మొదటి కాలు మొత్తం నాదే, రెండో కాలులో రెండు నావి. గాడుల్లోకి దించేటప్పుడు కొన్ని కాయిళ్ళు బిగుతుగా పట్టాయి. అమ్మ వెదురు బద్దను సుత్తితో కొట్టి కొట్టి దించింది. తన చెయ్యి అలవాటు లేనిది కాబట్టి అలా ఉందనుకుంది. ఒక్కసారి మాత్రం నాయనమ్మతో, "పగలు చుట్టినవి వదులుగా వస్తన్నయ్, సాయంత్రం చుట్టినవి బిగుసుకుంటన్నయ్ అత్తా, ఏందో" అంది. "పొద్దు మళ్ళినాక చెయ్యి అలిసిపోద్దిలే" అంది నాయనమ్మ.

నాలుగో రోజు శనివారం, నాకు ఒంటిపూట బడి. మధ్యాహ్నం వార్నిష్ పోయకముందు కరెంటు ఇచ్చి చూసింది అమ్మ. మోటారు తిరిగింది. నాయనమ్మ రెండు చేతులూ ఎత్తి అల్లాకు చెప్పుకుంది. అమ్మ నవ్వలేదు కాని, నుదుటి చెమట తుడుచుకున్న తీరులో తేడా కనిపించింది. అప్పుడు పరదా అవతల నుంచి గొంతు వచ్చింది. ఎన్నో రోజులుగా వాడని గొంతు కాబట్టి ముందు ఎవరిదో అనుకున్నాను.

"ఆపండి దాన్ని. ఒక కాలు కుంటతంది."

అమ్మ స్విచ్చు కట్టేసింది. మోటారు ఆగేదాకా ఊరుకొని, పరదా వైపు తిరిగి అన్నది: "గోడకు మొహం పెట్టి చెప్పటం చానా తేలిక. లేచొచ్చి చెప్పు."

నేను భయపడ్డాను. ఆయనతో ఆమె ఎన్నడూ అలా మాట్లాడలేదు. మంచం కిర్రుమన్నది. నాన్న లేచి వచ్చాడు. కట్టు ఉన్న చేతిని పొట్టకు ఆనించుకొని, గోడ పట్టుకొని వచ్చాడు. మోటారు ముందు గొంతుక్కూర్చొని మళ్ళీ వెయ్యమన్నాడు. ఎడమ చేత్తో స్క్రూడ్రైవరు తీసుకొని, మొన మోటారు ఒంటికి ఆనించి, పిడి చెవికి పెట్టుకున్నాడు. కళ్ళు మూసుకొని చాలాసేపు విన్నాడు. తీసి, "మొదటి కాలు. లెక్క ఎవరు చెప్పారు?" అన్నాడు.

నేనేనని చెప్పాను. ఆయన కోప్పడలేదు. అమ్మను చక్రం ముందు కూర్చొని తిప్పమని, నన్ను లెక్క చెప్పమన్నాడు. నేను నోరు విప్పి, "లాభం, ఒకటి, రెండు" అని ఎప్పటిలాగే చెప్పుకుపోయాను. నాలుగు దగ్గర అమ్మ చెయ్యి ఆగిపోయింది. నాయనమ్మ నోటికి కొంగు అడ్డం పెట్టుకొని, "ఏమే పిల్లా, లాభం అన్నాక రెండు అనాలే" అంది. నాన్న అమ్మ వంక చూశాడు. అమ్మ నాన్న వంక చూసింది. ఇద్దరూ ఒకేసారి నవ్వారు. ఆ నవ్వు నన్ను ఎంత ఏడిపించిందో చెప్పలేను. ఇంటికి మేలు జరగాలని నలభై ఎనిమిదిసార్లు చేసిన పని అది. అదే మోటారు కాలు విరిచింది. నాన్న తన మంచి చేతిని నా తల మీద పెట్టి, "మంచి మాట ఎంతైనా అనుకో. చుట్టులోకి మాత్రం రానీబాకు" అన్నాడు.

ఆ మాట విలువ నాకు వెంటనే తెలియలేదు. మూడేళ్ళ క్రితం మా ఆయనకు పక్షవాతం వచ్చి, మళ్ళీ నడక నేర్చుకుంటున్నప్పుడు తెలిసింది. రోజూ వరండాలో ఆయన వేసిన అడుగులు డైరీలో రాసేదాన్ని. మొదటి రోజు నాలుగు. తొమ్మిదో రోజు పదకొండు వేసి, కుర్చీలో కూలబడి, "పన్నెండు రాయవోయ్, ఒక్కదానికి ఏం పోయింది" అన్నారు. నాకూ రాయాలనే ఉంది. ఆ సాయంత్రం ఆయన ముఖం చూస్తే ఎవరికైనా రాయాలనే ఉంటుంది. నేను పదకొండే రాశాను. రెండు రోజులు నాతో సరిగా మాట్లాడలేదు. ఆ తర్వాత పద్నాలుగు వేశారు. అది రాసినప్పుడు ఆయన డైరీ లాక్కొని, కళ్ళజోడు పెట్టుకొని, ఆ అంకెను స్వయంగా చూసుకున్నారు. ఆ పద్నాలుగును ఆయన నమ్మగలిగారు. ముందు రోజుల అంకెల్లో నేను ఒక్క చుట్టు జాలి కలిపి ఉంటే నమ్మగలిగేవారు కాదు. ఇప్పటి పిల్లలకు ధైర్యం చెప్పేవాళ్ళకు కొదవ లేదు. ఫోను తెరిస్తే నీవు గెలుస్తావు, నీకు సాటి లేదు అని పొద్దున్నే చెబుతుంది. నేను వద్దనను. మా ఇంట్లో మాత్రం ధైర్యం అలా రాలేదు. తప్పు ఎక్కడుందో తెలిసిన క్షణాన వచ్చింది. తప్పు దొరికిందంటే దిద్దే చోటు దొరికిందని అర్థం. నాన్న మంచం దిగింది ఓదార్పు విని కాదు. వినరాని చప్పుడు విని.

మళ్ళీ ఆ మధ్యాహ్నానికి వస్తాను. మేమింకా చక్రం దగ్గరే ఉండగా కోటయ్య ట్రాక్టరు వచ్చి ఆగింది. మోటారు తిరగడం రోడ్డు మీది నుంచే విన్నాడట. "ఇంకేంది, తిరుగుతంది గదా. ఎక్కించండి" అన్నాడు. ఇచ్చెయ్యవచ్చు. నాలుగైదు రోజులు తిరిగేది కూడా. ఆ తర్వాత తోటలో, నడి పూతలో, కాలిపోయేది. ఆ సంగతి ఆ క్షణాన షాపులో ఉన్న మా నలుగురికే తెలుసు.

"ఇవ్వను అన్నా" అంది అమ్మ. "మా పిల్ల లెక్క తప్పింది. ఎనిమిది కాయిళ్ళు తీసి మళ్ళీ చుట్టాలి. రేపొద్దునకు ఇస్తా."

"పూత రాలతంటే మీ పిల్ల లెక్కలు నాకెందుకమ్మా? ఏందయ్యా మస్తానూ, నువ్వన్నా చెప్పు."

లేచి కూర్చున్న నాన్నను ఆయన అప్పుడే చూశాడు. నాన్న స్క్రూడ్రైవరు కింద పెట్టి, "ఆమె ఇవ్వనన్నాక నేను చెప్పేదేముంది" అన్నాడు. కోటయ్య కాసేపు ఇద్దరినీ మార్చి మార్చి చూసి, రేపు తొమ్మిది దాటితే ఒక్క నిమిషం ఆగననీ, నాలుగు మోటార్లూ ఎక్కించుకుపోతాననీ చెప్పి ట్రాక్టరు తిప్పుకున్నాడు.

అమ్మ కట్టిన దారాలను అమ్మే కోసింది. ఒక్క నిట్టూర్పు లేదు. ఈసారి లెక్క నాన్న చెప్పాడు, నాకు వేరే పని ఇచ్చాడు. నా పాత బడి పుస్తకంలో మిగిలిన తెల్లకాగితం తెరిచి, ఒక్కో కాయిల్ పూర్తయ్యాక దాని వరస సంఖ్య, చుట్ల సంఖ్య రాయమన్నాడు. ఎనిమిది వరసలు రాశాను, ప్రతి వరస చివరా అరవై. అన్నీ ఒకే అంకె అయితే రాయడం ఎందుకని అడిగాను. "అన్నీ ఒకటేనని రేపు నీకే అనుమానం వస్తే చూసుకోటానికి" అన్నాడు. నా మొదటి డైరీ అదేనని ఇప్పుడు అనిపిస్తుంది. మళ్ళీ చుట్టిన కాయిళ్ళు ఈసారి గాడుల్లోకి సుత్తి లేకుండా దిగాయి. అమ్మ బొటనవేలితో నొక్కి దించుతుంటే, నాన్న వంగి చూస్తూ, ప్రతి కాయిల్‌కూ ఒకసారి తలూపాడు. వార్నిష్ పోసి, ఎండ లేకపోయినా బల్బు వేడికి ఆరబెట్టారు.

మర్నాడు ఆదివారం. ట్రాక్టరు ఎనిమిదిన్నరకే వచ్చింది. మోటారుతో పాటు నాన్న కూడా ఎక్కాడు. స్క్రూడ్రైవరు పట్టుకోవడానికి నేను ఎక్కాను. తోటలో మిరప ఆకులు అంచులు ముడుచుకొని ఉన్నాయి. మోటారు బిగించాక కరెంటు వచ్చేదాకా గంటన్నర ఆగాం. ఆ గంటన్నరలో కోటయ్య ఐదు బీడీలు కాల్చాడు, నేను సాళ్ళు లెక్కపెట్టాను. కరెంటు వచ్చింది. నాన్న గొంతుక్కూర్చొని, పిడి చెవికి పెట్టుకొని, కళ్ళు మూసుకున్నాడు. నా ఎనిమిది వరసలూ కళ్ళముందు తిరిగాయి. ఆయన ముఖంలో ఏమీ తెలియలేదు. కొంతసేపటికి కళ్ళు తెరిచి, పిడిని నా చెవి దగ్గరికి జరిపి, విను అన్నట్టు సైగ చేశాడు. ఒకే చప్పుడు వినిపించింది. ఎత్తు లేదు, పల్లం లేదు. ముగ్గురు మనుషులు ఒకే అడుగు వేసుకుంటూ దూరంగా నడిచిపోతున్నట్టు ఉంది. అప్పుడు గొట్టం చివర గాలి వదిలి, ముందు ఎర్రనీళ్ళు, తర్వాత తెల్లనీళ్ళు పడ్డాయి. నాన్న లేచి, ఎడమచేత్తో మోటారు ఒంటిని తడిమి వేడి చూసి, "నీళ్ళు కట్టుకో" అన్నాడు కోటయ్యతో.

వారం దాటాక కోటయ్య షాపుకు వచ్చాడు. అమ్మ చక్రం ముందు ఉంది, నాన్న ఎదురుగా కూర్చొని లెక్క చెబుతున్నాడు, అది ఆ ఊరి మోటార్లలో మూడోది. కోటయ్య గడపలో నిలబడ్డాడు. ఈసారి నాన్నను పిలవలేదు. పిక్క డబ్బా మూతలో పడేదాకా ఆగి, అమ్మతో అన్నాడు:

"అమ్మాయ్ ఖాశింబీ, మా బావమరిది మోటారు కూడా కాలింది. తెమ్మంటావా?"

"తీసుకురా. నాలుగు రోజులకు ఇస్తా."

"మూడు రోజులకు కాదా?"

అమ్మ చూపు తీగ మీది నుంచి ఎత్తలేదు. "నాలుగు" అంది. "మధ్యలో వచ్చి నించోబాకు."